సమస్య: కదలకుండగనే సీమ కడచె నూరు

నిర్వహణ: ఏటికి ఇవతల పాతపట్నం, అవతల పర్లాకిమిడి. నడుమ మహేంద్రతనయ. ఈ వారం పాదం అక్కడిదే. ఊరు (కడచెను + ఊరు) కదలకుండానే హద్దు దాటిందట. ఇది తేటగీతి పద్యం చివరి పాదం, ముందు మూడు పాదాలు రాసి పూరించండి.

*కదలకుండగనే సీమ కడచె నూరు*

చింతతోపు:

ఏప్రి లొకటిన గీచిన యెల్ల వలన
బడియు గుడియును చింతల వరుస యట్లె
నిలిచి యుండ నొడిస్సాలో నిదుర లేచి
కదలకుండగనే సీమ కడచె నూరు

వంతెనగట్టు: చింతల వరుస దగ్గర మనసు ఆగిపోయింది. బడీ గుడీ ఎవరైనా తెస్తారు, హద్దురాయి కన్నా ముందు పాతుకున్నవి ఆ చింతలే. కానీ మాస్టారూ, మూడో పాదం చూసుకోండి. "డిస్సాలో" మూడూ గురువులే, అంటే బరువుగా పలికే అక్షరాలు; ఆ గణం మగణం. తేటగీతిలో ఆ చోట రావలసిన ఇంద్రగణాల్లో మగణం ఎక్కడిది? పైగా 1936లో ఆ రాష్ట్రం ఏర్పడినప్పుడు పేరు ఒరిస్సా, ఒడిశాగా మారింది 2011లో. "నిలిచి యుండ నొరిస్సాన" అంటే గణమూ నిలుస్తుంది, కాలమూ నిలుస్తుంది.

చింతతోపు: తప్పే. దిద్దుకున్నాను.

గుణుపురం వాసి: పర్లాకిమిడి జమీ రెండు ముక్కలై ఆ ఊరు ఒరిస్సాకి పోయింది, నిజమే. ఊరు కదల్లేదు గానీ గిడుగువారు కదిలారు. సవర మాటలకి నిఘంటువు కట్టిన మనిషి, ఆ మార్పు వేళ పర్లాకిమిడి విడిచి రాజమండ్రి చేరారు. "కదల" అన్న మాటకి ఆయన్ని ఎదురు నిలిపితే పద్యం ఇంకో మెట్టు ఎక్కేది. సీమ అంటే రాష్ట్రం హద్దే కానక్కర్లేదు, నా పూరణ ఇది:

వంశధార యొరసి కోయ వంపు గట్టు
అవలి దరి నిసుక పొరలై యంచు పెరుగ
రెల్లు వేళ్లు పట్టిన చోట రేవు మార
కదలకుండగనే సీమ కడచె నూరు

నిర్వహణ: భలే! ఊరు కదల్లేదు, ఏరే కదిలింది. ఈ వారం ఇంత దూరం వెళ్లిన విరుపు ఇంకోటి రాలేదు.

చింతతోపు: విరుపు బాగుంది, మొదటి పాదం మాత్రం ఒప్పను. వంపు బయటి గట్టుని నీరు వడిగా కొట్టి కోస్తుంది. లోపలి గట్టున వడి తగ్గి ఇసుక దించుతుంది. అంతవరకు సరే. ఆ కోత ఊరిదాకా వస్తే ఊరు గట్టుతో పాటు ఏట్లో పడుతుంది, అవతలికెలా చేరుతుంది? చేరాలంటే పెద్ద వరదకి ఏరు వంపు మెడ తెంచుకుని నేరుగా పారాలి. అప్పుడు వంపు లోపలున్న ఊరు ఒక్కసారిగా రెండో గట్టుకి పోతుంది. ఇలా మార్చండి:

వంశధార వరదలోన వంపు తెంచ
పాత పాయలో నిసుకయె పైకి తేల

ఇదివరకు మీరు రాసిన ఋషికుల్య నది పూరణలోనూ ఇలాంటి పొరపాటే జరిగింది కదా, సముద్రపు తాబేలు చేత గుడ్లు పొదిగించారు. అది వెనక రెక్కలతో అడుగున్నర గొయ్యి తీసి, నూరు గుడ్ల దాకా పెట్టి, ఇసుక కప్పి పోతుంది. మళ్లీ చూడదు. పొదిగేది ఎండకి కాగిన ఇసుక. వేడి ఎక్కువైతే ఆడపిల్లలే ఎక్కువ పుడతాయి. తల్లిని ఎరగని ఆ పిల్లలే పెరిగాక పుట్టిన తీరం వెతుక్కుంటూ వస్తాయి. మీ పద్యంలో అసలు విషయం అక్కడ జారిపోయింది.

గుణుపురం వాసి: తాబేలు తప్పు నాదే, అప్పుడే ఒప్పుకున్నాను. వంపు తెంచడం తీసుకుంటున్నాను. పా, పై యతి (పాదం మొదటి అక్షరంతో నడిమి అక్షరం కుదరడం) చెల్లింది.

వంతెనగట్టు: ఒక్క మాట బాబూ. పాత రేవుకి గుర్తు తాడిచెట్టు కదా, రెల్లు ఎందుకు?

గుణుపురం వాసి: రెల్లు తీయను. తాడి ఎదగడానికి ఏళ్లు పడుతుంది. రెల్లు వరద తీసిన వెంటనే వస్తుంది, నేలలోపల కాండం పాకి ఇసుకని పట్టేస్తుంది, ఆశ్వయుజానికి తెల్లగా పూస్తుంది. ఆ పూత వెంట నడిస్తే ఏరు ఒకప్పుడు ఎటు పారిందో తెలుస్తుంది. అక్కడ తవ్వండి, పైన మెత్తటి ఒండ్రు, కింద ముతక ఇసుక, అడుగున గులకరాళ్లు. పైగా తాడి అంటే రేవుతో యతి పోతుంది.