సమస్యాపూరణం: నలుపె పాటపాలి నలువ రాత

నిర్వాహకులు: ఆటవెలదిలో నాలుగో పాదం ఇది. 1926 నుంచి వార్నర్ వారు విడుదల చేసిన వైటాఫోన్ సంగీత లఘుచిత్రాల మీద పూరించాలి. బొమ్మ రీలు మీద, పాట 16 అంగుళాల డిస్కు మీద. రెండూ కలిసి నడిస్తేనే ఆ చిత్రానికి బతుకు. పని తెలిసి రాసినట్టుండాలి.

పూరణ 1
తెగిన రీలునందు తీసివేసినయన్ని
బొమ్మలకును మారు పొందుపరుప
నడుగు తప్పకుండ నాడును నోరును
నలుపె పాటపాలి నలువ రాత

విమర్శ: అపశకునమనుకునే నలుపును అదృష్టం చేశారు, చాలా బాగుందండీ. తెగినచోట ఆరు ఫ్రేములు పోయాక ఊరికే అతికిస్తే, సెకనుకు 24 కనుక పాట పావు సెకను వెనకబడుతుంది, రీలు అయిపోయేదాకా ఆ తేడా పోదు. ఆరు నల్ల ఫ్రేములు వేస్తే తెర రెప్పపాటు చీకటై, వెంటనే పెదవి పాటను అందుకుంటుంది. ‘అన్ని’ అన్న చిన్న మాటలోనే లెక్కంతా ఉంది. తె–తీ యతి సరి.

పూరణ 2
సూది యంచునుండి చొచ్చును లోనికి
గాడి వెంట నడచి కడకు జేరు
నల్లపళ్లెమందె నాదమ్ము దాగును
నలుపె పాటపాలి నలువ రాత

విమర్శ: ఛందస్సుకు వంక లేదు, విషయమే తిరగబడింది. మామూలు గ్రామఫోను రికార్డు అలా నడుస్తుంది. ఈ డిస్కు లోపల మొదలై అంచుకు వస్తుంది. లోపలి గాడిలో వేగం తక్కువ, సన్నని స్వరాలు పట్టడం కష్టం, అందుకే అక్కడ కొత్త సూది మొన పడాలి. రీలు మీది ‘స్టార్ట్’ ఫ్రేము ప్రొజెక్టరు గేటులో (వెలుగు పడే కిటికీలో), సూది బాణం గుర్తు దగ్గర, అప్పుడే మోటారు వెయ్యాలి. మొదటి పాదం ఇలా మార్చి చూడండి: “సూది నడుమనుండి చుట్టు నంచులవైపు”.

పూరణ 3 (మొదటి పాదమే పంపారు)
ఇరువదాటలయిన గడులు నిండును

విమర్శ: యతి లేదు, చివరి గణం పూర్తి కాలేదు. ఊహ మాత్రం వదులుకోకండి. లేబులు మీది గడుల్లో ఆటకొక గుర్తు పెట్టి, ఇరవైకి డిస్కు మార్చేవారు. ఉక్కు సూది గాడిని అరగదీస్తుంది మరి. అరిగిన గాడిలో సూది ఒక్క చుట్టు దూకితే, నిమిషానికి 33⅓ చుట్ల లెక్కన 1.8 సెకన్లు, అంటే 43 ఫ్రేములు పోయినట్టే. అది ఆట మధ్యలో జరిగితే నల్ల ఫిల్ము కాపాడలేదు. “ఇరువదాటలయిన నెత్తి పక్కనబెట్టు” అంటే యతి కుదురుతుంది. మిగతా రెండు పాదాలు మీరే రాయండి.