షట్‌డౌన్‌లో పర్మిట్ల జాప్యం: భద్రత తగ్గకుండా సమయం ఎలా కలిసివస్తుంది?

ప్రశ్న (మెయింటెనెన్స్ ఇంజనీరు)

మా రిఫైనరీలో ముడిచమురు శుద్ధిచేసే క్రూడ్ యూనిట్ షట్‌డౌన్ (మరమ్మతుల కోసం యూనిట్‌ను ఆపడం) దగ్గరపడుతోంది. కిందటిసారి కాంట్రాక్టు కార్మికులు పొద్దున్నే వచ్చినా, పర్మిట్లు (పని మొదలుపెట్టేందుకు రాతపూర్వక అనుమతులు) చేతికంది పని మొదలయ్యేసరికి దాదాపు మధ్యాహ్నమయ్యేది. ఈసారి ఆ జాప్యం తగ్గాలని పై అధికారులు అంటున్నారు. ఒకే వరుసలో ఉన్న హీట్ ఎక్స్‌ఛేంజర్లన్నిటికీ (ఒక ప్రవాహపు వేడిని మరోదానికి అందించే పరికరాలు) కలిపి ఒకే పర్మిట్ తీసుకోవచ్చునా? రెండు వాల్వులు మూసి ఉన్నచోట బ్లైండ్ (పైపును పూర్తిగా మూసే లోహపు పలక) అక్కర్లేదన్న మాట ఎంతవరకు సరైనది?

జవాబు (రిటైరైన ఆపరేషన్స్ అధికారి)

ముందు రెండో ప్రశ్న సంగతి చూద్దాం. మనిషి వెసెల్‌లోకి దిగే పనికైనా, హాట్ వర్క్‌కైనా (వెల్డింగు వంటి నిప్పురవ్వలు వచ్చే పని) మూసిన వాల్వును నమ్మరాదు. ఏళ్ల తరబడి వాడిన గేట్ వాల్వులో మడ్డి పేరుకుంటే, చక్రం బిగిసినట్టే ఉన్నా లోపల కారుతూనే ఉండవచ్చు. కాబట్టి బ్లైండ్ వేయవలసిందే. నిజానికి సమయం పోయేది గ్యాస్ టెస్ట్ (లోపలి గాలిలో ప్రమాదకర వాయువులు, ఆక్సిజన్ ఎంతున్నాయో చూసే పరీక్ష) వద్ద కాదు, ఏ ఫ్లాంజ్‌కు (పైపులను బోల్టులతో కలిపే అంచు) ఏ సైజు, ఏ ప్రెషర్ రేటింగు బ్లైండ్ కావాలో ఆ ఉదయం వెతుక్కోవడం వద్ద. బ్లైండ్ల జాబితాను నెలల ముందే డ్రాయింగుల నుంచి తయారుచేసి, ఆపరేషన్స్ వారితో కలిసి యూనిట్ అంతా తిరిగి ప్రతి చోటా ట్యాగ్ కట్టి, మరుసటి రోజు పర్మిట్లను ముందురోజు సాయంత్రమే రాసి ఉంచితే, ఉదయం మిగిలేది తనిఖీ, గ్యాస్ టెస్ట్, సంతకం మాత్రమే.

జవాబు (సేఫ్టీ విభాగం)

ఉమ్మడి పర్మిట్‌తో చిక్కేమిటంటే, ఒక ఎక్స్‌ఛేంజర్ పని ముగిసి మరొకటి తెరిచి ఉన్నప్పుడు ఆ కాగితం దేని స్థితినీ సరిగా చెప్పదు. అందుకే పరికరానికొక పర్మిట్ మేలు. అయితే ఒకే పరికరంపై నడిచే పనుల పర్మిట్లన్నీ ఒకచోట కనబడాలి. 1988 జూలై 6న ఉత్తర సముద్రంలో చమురు, గ్యాస్ వెలికితీసే పైపర్ ఆల్ఫా వేదికపై ఒక కండెన్సేట్ (గ్యాస్ నుంచి వేరైన ద్రవ ఇంధనం) పంపుకు మరమ్మతు పర్మిట్ ఒకటి, దాని సేఫ్టీ వాల్వు విప్పినందుకు మరొకటి ఉన్నాయి. రెండోదాని సంగతి రాత్రి షిఫ్టు వారికి తెలియలేదు. నడుస్తున్న మరో పంపు ఆగిపోవడంతో వారు దీన్ని స్టార్ట్ చేశారు. వాల్వు స్థానంలో పెట్టిన బ్లైండ్ ఫ్లాంజ్ వద్ద గ్యాస్ లీకై పేలింది. 167 మంది మరణించారు. షిఫ్టు మార్పిడికి కేటాయించే పావుగంటను జాప్యంగా లెక్కించే మేనేజర్లకు ఈ ఉదంతం చెప్పండి.

ప్రశ్నించినవారు

ధన్యవాదాలండి. ఉదయం చేసిన గ్యాస్ టెస్ట్ రోజంతా చెల్లుతుందా?

జవాబు (రిటైరైన ఆపరేషన్స్ అధికారి)

చెల్లదు. భోజన విరామం తర్వాత మళ్లీ పరీక్షించాలి; ఆక్సిజన్ 19.5 నుంచి 23.5 శాతం మధ్య లేకపోతే ఎవరినీ లోపలికి పంపరాదు. క్రూడ్ కాలమ్‌లో (ముడిచమురును భాగాలుగా వేరుచేసే నిలువు స్తంభం) మరో జాగ్రత్త కూడా అవసరం. ట్రేలపై పేరుకున్న ఐరన్ సల్ఫైడ్ ఆరితే గాలి తగిలి దానంతటదే అంటుకుంటుంది కనుక, దాన్ని తొలగించి బయటికి తెచ్చేవరకూ నీటితో తడుపుతూ ఉండే మనిషిని, ఆ నీటి హోస్‌ను కూడా పర్మిట్‌లోనే రాయించండి.