పొద్దున్నే పండ్ల ఐస్‌క్రీమ్: టిఫిన్‌గా పెట్టొచ్చా, పెట్టకూడదా?

పొద్దుతిరుగుడు
అరటిపండు ముక్కలు ఫ్రీజర్‌లో గడ్డకట్టించి మిక్సీలో రుబ్బితే అచ్చం ఐస్‌క్రీమ్‌లా వస్తుందని అందరూ చెబుతున్నారు. విడిగా వేసిన చక్కెర ఉండదు, పాలు ఉండవు. దాన్ని ఒక ముద్దగా పెట్టి, అరటి బిళ్లలతో చెవులు, కిస్‌మిస్‌లతో కళ్లు అమర్చి ఎలుగుబంటి ముఖం చేసి ఆరేళ్ల పాపకు సెలవు రోజుల్లో టిఫిన్‌గా పెడదామని ఉంది. ఇంట్లో మాత్రం రెండు అభిప్రాయాలు. మాది 500 వాట్ల మిక్సీ. తెలిసినవాళ్లు చెప్పండి.

రావులపాలెం_గెల
పండు సరిగ్గా ఉంటే మిగతాదంతా దారిలో పడుతుందండి. తొక్క మీద నల్ల మచ్చలు వచ్చాకే కోయండి. పచ్చిగా ఉన్నప్పుడు లోపలంతా పిండిపదార్థం, ముగ్గేకొద్దీ అది చక్కెర అవుతుంది. చక్కెర ఎక్కువైతే నీరు గట్టి రాయిలా గడ్డకట్టదు, అందుకే మెత్తగా నలుగుతుంది. సగం ముగ్గిన పండు రుబ్బితే వగరుగా, సుద్దలా ఉంటుంది.

రకం కూడా చూసుకోవాలి. పెద్ద పచ్చ అరటి బాగా వస్తుంది. చక్కెరకేళి ఇంకా బాగుంటుంది, వాసన నిలుస్తుంది. అమృతపాణిలో కాస్త పులుపు ఉంటుంది, అది ఇష్టమైతేనే. కర్పూరం కూడా పనికొస్తుంది కానీ చిన్న పండు కాబట్టి నాలుగైదు కావాలి.

తొక్క తీసి వేలెడు మందం బిళ్లలు కోసి, స్టీలు పళ్లెంలో ఒకదానికొకటి తగలకుండా పరవండి. గట్టిపడ్డాక మూత గట్టి డబ్బాలోకి మార్చండి. మూత లేకపోతే ఫ్రిజ్‌లో ఉన్న చేపల వాసన, మసాలా వాసన అంతా అరటిపండుకే పడుతుంది. కనీసం ఐదారు గంటలు, రాత్రి పెట్టి పొద్దున తీస్తే మేలు. రుబ్బేటప్పుడు ఒక్క చుక్క పాలు కూడా పోయొద్దు. పోస్తే అది మిల్క్‌షేకే.

రిపేరు_బల్ల
ఆ ఆఖరు మాట తప్పు. 500 వాట్ల మిక్సీల చుక్క తడి లేకుండా గడ్డ ముక్కలు వేస్తే ఏమైతదో చెప్త. బ్లేడు ముక్కల్ని గోడకు కొడ్తది. వాటిని మళ్లా కిందికి లాగనీకి ద్రవం ఉండదు. బ్లేడు చుట్టూ ఖాళీ జాగ ఏర్పడ్తది, మోటారు వట్టిగనే తిరుగుతది. లేకుంటే ఒక ముక్క బ్లేడు కింద ఇరుక్కుంటది. అప్పుడు మోటారు తిరగక మూలుగుతది, కరెంటు ఎక్కువ లాగుతది, కాలిన వాసన వస్తది. అదృష్టం బాగుంటే ఓవర్‌లోడ్ స్విచ్ పడి ఆగిపోతది. లేకుంటే మోటారును జార్ బ్లేడుకు కలిపే కప్లర్ దంతాలు అరిగిపోతయి.

రెండు పండ్ల ముక్కలకు రెండు పెద్ద చెంచాల పాలు పోయాలె. 30 మిల్లీలీటర్లు. అంతకు తక్కువైతే ఒప్పుకోను.

కాఫీ_ఫిల్టర్
ఆగిపోతే భయపడకండి, మిక్సీ అడుగున ఎర్ర బటన్ ఉంటుంది. స్విచ్ తీసేసి, చల్లారనిచ్చి నొక్కండి.

రావులపాలెం_గెల
పాలు పోయకుండానే వస్తుందండీ. ఫ్రీజర్‌లోంచి తీసిన వెంటనే వేయడం వల్లే ఈ తిప్పలన్నీ. ఐదు నిమిషాలు బయట ఉంచాలి. ముక్క అంచు చెంచాతో నొక్కితే దిగాలి, మధ్యలో గట్టిగా ఉండాలి. జార్‌లో సగానికి మించి వేయకూడదు. నాబ్ ఎడమవైపు తిప్పి వదులుతూ పల్స్ కొట్టాలి. రెండు మూడు సెకన్లు కొట్టడం, ఆపడం, మూత తీసి గరిటెతో గోడలకున్నది కిందికి తోయడం. మొదట రవ్వలా అవుతుంది. చాలామంది అక్కడే కంగారుపడి పాలు పోసేస్తారు. ఇంకా నాలుగైదు సార్లు తిప్పితే ముద్ద కడుతుంది, ఆ తర్వాత నున్నగా జారుతుంది. అరటిలో ఉన్న పెక్టిన్ అనే పీచే ఆ నునుపు ఇస్తుంది. పాలు అక్కర్లేదు.

డాలస్_వంటగది
ఇక్కడ మేం ఫుడ్ ప్రాసెసర్‌లో చేస్తాం. గిన్నె వెడల్పు, బ్లేడు అడుగుకు దగ్గరగా ఉంటుంది కాబట్టి ఒక్క చుక్క కూడా పోయం. మిక్సీ జార్ ఇరుకు, ఎత్తు. రెండూ ఒకటి కాదు. మీ ఇద్దరూ రెండు వేరే గిన్నెల గురించి మాట్లాడుతున్నట్టుంది.

రిపేరు_బల్ల
నేను మిక్సీ గురించే మాట్లాడుతున్న. అడిగినామె దగ్గర ఉన్నది మిక్సీనే.

ఇడ్లీ_రేకు
పాలు పోయాలా వద్దా అని పోట్లాడుకుంటున్నారు గానీ, అసలు ఇది టిఫినా? 100 గ్రాముల అరటిపండులో మాంసకృత్తులు గ్రాము పైచిలుకు, కొవ్వు దాదాపు లేదు, చక్కెర 12 గ్రాములు. పిల్ల ఎనిమిదింటికి తింటే పదింటికి మళ్లీ ఆకలంటుంది. హైదరాబాద్‌లోని జాతీయ పోషకాహార సంస్థ చూపించిన రోజువారీ పళ్లెంలో పండ్ల వాటా 100 గ్రాములు. ఒక పెద్ద అరటిపండుతోనే అది అయిపోయింది. పప్పు ఏది? ధాన్యం ఏది? బియ్యం, మినప్పప్పు కలిపి పులియబెట్టిన ఇడ్లీ ముందు ఇది ఎందులో నిలుస్తుంది?

మీగడ_గిన్నె
ఇడ్లీ_రేకు గారి లెక్క సరైనదే, కానీ ఆ లెక్క వట్టి అరటిపండుకి. దాన్ని టిఫిన్ చేయడం కష్టం కాదు. వేయించిన పల్లీలు పొట్టు తీసి మెత్తటి ముద్దగా నూరి ఒక పెద్ద చెంచా కలిపితే దాదాపు 4 గ్రాముల మాంసకృత్తులు, తగినంత కొవ్వు చేరతాయి. పైన వేయించిన ఓట్స్, నువ్వుల పొడి. ఐదేళ్లలోపు పిల్లలకు మాత్రం పల్లీ గింజలు, ద్రాక్షపళ్లు పూర్తిగా పెట్టకండి, గొంతులో అడ్డుపడతాయి. ద్రాక్షను నిలువునా నాలుగు చీలికలు చేయాలి. ఏడాది నిండని బిడ్డకు తేనె అసలే వద్దు.

పాల తగువుకి నా జవాబు మీగడ. ఫ్రిజ్‌లో చల్లబడ్డ మీగడ ఒక పెద్ద చెంచా. నీళ్లు తక్కువ, కొవ్వు ఎక్కువ, కాబట్టి బ్లేడుకి పట్టు దొరుకుతుంది, ఐస్ పలుకులూ రావు. ఎక్కువసేపు తిప్పితే వెన్న పూసలు తేలతాయి, అది గమనించుకోండి. పెరుగు వేయాలనుకుంటే గుడ్డలో కట్టి నీరు దింపిన పెరుగే వేయండి.

రిపేరు_బల్ల
మీగడ ఒప్పుకుంట. వట్టిగ తిప్పుడు ఒప్పుకోను. వారంటీల ఉన్న మిక్సీ తీసుకపోతే ఐస్ వేసినవు కదా అని ఒక సర్వీస్ సెంటర్ వాళ్లు నాతోని వాదిచ్చిండ్రు. కొత్త కప్లర్ పైసలు నేనే కట్టిన. అందుకే ఇంత చెప్తున్న.

రావులపాలెం_గెల
కప్లర్ పోయింది ఐస్ వేసి. అరటి ముక్క ఐస్ కాదు.

రిపేరు_బల్ల
అరటిపండుల నూటికి డెబ్బై అయిదు పాళ్లు నీళ్లే. ఫ్రీజర్ల పెడ్తే అది ఐస్ గాక ఇంకేమైతది?

గుంటూరు_మిరప
పొద్దున్నే చల్లటిది పెడితే జలుబు, దగ్గు. నాకు ఇంతకుమించి తెలియక్కర్లేదు.

మీగడ_గిన్నె
జలుబు వైరస్ వల్ల వస్తుందండి, చల్లటి పదార్థం వల్ల కాదు. ఉబ్బసం ఉన్న పిల్లలకు చల్లటిది తగిలితే దగ్గు రావచ్చు, వాళ్ల సంగతి వేరు. గబగబా మింగితే నుదురు జివ్వుమంటుంది, కాసేపట్లో తగ్గుతుంది. చిన్న చెంచా ఇస్తే చాలు.

ఇడ్లీ_రేకు
చక్కెర విషయం దాటేశారు. పండు కొరికి తినడం వేరు, రుబ్బి తినడం వేరు. బ్రిటన్‌లో రుబ్బిన పండులోని చక్కెరను, పళ్లరసంలో చక్కెరలాగే, తగ్గించాల్సిన జాబితాలో లెక్కిస్తారు. పిల్ల నమలదు, నాకేస్తుంది. ఒక పండు తినే పిల్ల రెండు తినేస్తుంది.

మీగడ_గిన్నె
ప్రపంచ ఆరోగ్య సంస్థ 2015లో ఇచ్చిన సూచనలు కూడా చూడండి. తేనె, పాకాలు, పళ్లరసాల చక్కెరను వాళ్లు తగ్గించమన్నారు, తిండి నుంచి వచ్చే మొత్తం శక్తిలో పదో వంతు లోపు ఉండాలన్నారు. పండు పీచుతో సహా పళ్లెంలోనే ఉంది, మనం రసం తీసి పిప్పి పారేయట్లేదు. రెండు పండ్లు తినేస్తుందన్న మాట మాత్రం నిజం. అందుకే కొలత పండు రుబ్బాక చూడకూడదు, ముక్కలు కోసేటప్పుడే చూడాలి. పిల్లకు ఒక పండు, అంతే.

చెట్లపొద
మామిడితో వస్తుందా?

రావులపాలెం_గెల
వస్తుంది, కానీ మామిడి ఒక్కటే అయితే పలుకు తేలుతుంది. అరటి కంటే నీరు ఎక్కువ. సగం మామిడి, సగం అరటి వేయండి. బంగినపల్లి పీచు లేకుండా ఉంటుంది, అదే మేలు. రసాలు పీచు, రసం రెండూ ఎక్కువ, వాటిని పిండుకుని తాగడమే న్యాయం. సపోటా చాలా బాగుంటుంది, గింజలు, వాటి చుట్టూ ఉన్న గట్టి భాగం తీసేయాలి. పుచ్చకాయలో నూటికి తొంభై పాళ్లకు పైగా నీరే. దాన్ని రుబ్బొద్దు, ముక్కకు పుల్ల గుచ్చి గడ్డకట్టించి ఇవ్వండి. అనాసలోనూ బొప్పాయిలోనూ పాలను విరిచి చేదెక్కించే ఎంజైములు ఉంటాయి. వాటికి మీగడ, పెరుగు కలిపి ఉంచితే చెడుతుంది, కలిపిన వెంటనే తినేయాలి.

ఇడ్లీ_రేకు
ఎలుగుబంటి ముఖం ఎందుకు? అది చెప్పండి ముందు. ఈరోజు ఎలుగుబంటి, రేపు ఏనుగు. ఎల్లుండి ఉప్మా పెడితే ఇందులో బొమ్మ లేదంటుంది. పొద్దున లేచాక ఇంట్లో అందరూ ఏది తింటే పిల్ల కూడా అదే తినాలి. పిల్లకి విడిగా వంటకం, విడిగా బొమ్మ, విడిగా బతిమాలడం. నా అభ్యంతరం అరటిపండు మీద కాదు. తినడాన్ని ఆటగా మార్చడం మీద.

కాఫీ_ఫిల్టర్
ఇదే మాట ముందు చెప్పి ఉంటే బ్రిటన్ దాకా వెళ్లే పని ఉండేది కాదు.

మీగడ_గిన్నె
అయితే నేనూ సూటిగానే చెబుతాను. బొమ్మ పెట్టడం వేరు, లంచం పెట్టడం వేరు. ఉప్మా తింటే ఐస్‌క్రీమ్ ఇస్తానంటే ఉప్మా శిక్ష అయిపోతుంది, అది తప్పు. పళ్లెంలో బొమ్మ ఉన్నా లేకపోయినా ఎంత తినాలో పిల్ల తేల్చుకోవాలి, మనం కుక్కకూడదు. ఆరేళ్ల పిల్ల చేత చెవులు పెట్టించండి, అరటి బిళ్లలు మొండి కత్తితో కోయించండి. వండిన చేతికి రుచి తెలుస్తుంది. మా అమ్మమ్మలు దోసె పిండితో నెమలి, చిలక పోసిపెట్టలేదా? అప్పుడు ఎవరి క్రమశిక్షణ పాడైంది?

ఇడ్లీ_రేకు
దోసె మీద నెమలి వేసినా అది దోసే. లోపల మినప్పప్పు ఉంది. మీరు చూపిస్తున్నది తీపి పదార్థం.

పొద్దుతిరుగుడు
ఇక దాచి లాభం లేదు, చెప్పేస్తాను. మా ఇంట్లో గొడవ జలుబు గురించీ కాదు, చక్కెర గురించీ కాదు. స్టవ్ వెలిగించకుండా పెట్టింది టిఫిన్ ఎలా అవుతుందని. రాత్రే కోసి ఫ్రీజర్‌లో పడేసి పొద్దున మిక్సీ తిప్పితే కోడలు వంట తప్పించుకున్నట్టట. ముక్కలు కోసింది, పల్లీలు వేయించింది, జార్ కడిగింది ఎవరి లెక్కలోనూ లేదు. ఇడ్లీ_రేకు గారూ, మీ మాటల్లోనూ నాకు అదే వినిపించింది.

ఇడ్లీ_రేకు
అమ్మా, ఆ మాట నేను అనలేదు, అనను కూడా. స్టవ్ వెలిగిందా లేదా అన్నది నా ప్రశ్న కాదు. అటుకులు పెరుగులో నానబెట్టి పెట్టినా టిఫినే, దానికీ మంట అక్కర్లేదు. నా పట్టింపు పిల్ల కడుపు గురించి, పిల్ల అలవాటు గురించి. మీ ఇంట్లో ఆ మాట అన్నవాళ్లకు ఇక్కడ రాసింది చూపించండి. కానీ వారానికి ఒకసారి మించొద్దనే ఇప్పటికీ నా మాట, పల్లీల ముద్ద కలిపినా సరే.

మీగడ_గిన్నె
వారానికి ఒకసారికి నేనూ ఒప్పుకుంటాను. పక్కన ఒక దోసె పెడితే ఇంకా నయం.

డాలస్_వంటగది
మిగిలింది మళ్లీ ఫ్రీజర్‌లో పెట్టొచ్చా అని ఎవరూ అడగలేదు. అరగంట, గంట అయితే పెట్టండి, ముద్ద గుండ్రంగా తీయడానికి వీలవుతుంది. రాత్రంతా ఉంచితే రాయి. బజారు ఐస్‌క్రీమ్‌లో గాలి, కొవ్వు ఉంటాయి కాబట్టి చెంచా దిగుతుంది, ఇందులో ఆ రెండూ తక్కువ. కరెంటు పోయి ముక్కలు కరిగితే మళ్లీ గడ్డకట్టించకండి. నల్లబడి నీరు కారతాయి. నల్లబరిచే ఎంజైము చలికి మందగిస్తుందే గానీ చావదు. కోసినప్పుడే పండుకి అర చెంచా నిమ్మరసం పట్టిస్తే రంగు నిలుస్తుంది.

పొద్దుతిరుగుడు
సరే, ఆదివారం చేస్తాను. ఒక పండు, ఒక చెంచా పల్లీల ముద్ద, పక్కన దోసె. మీగడ వేస్తాను, పాలు పోయను.

రిపేరు_బల్ల
మంచిది. ఒక్క పండంటే పెద్ద జార్ల బ్లేడుకు అందదు, చట్నీ జార్ తీస్కో చెల్లె. ముక్కలు సగం సగం చేసి రెండు దఫాలుగా వెయ్యి. ఒక్కో దఫాకు నడుమ మోటారును రెండు నిమిషాలు ఆపు.

రావులపాలెం_గెల
ఐదు నిమిషాలు బయట ఉంచితే ఒక్క దఫా చాలు.