ఛాడఖాయికి ప్యాకెట్ మసాలాతో చిల్లీ చికెన్: బండి మీద రుచి ఇంట్లో రావాలంటే?

గుణుపురం_గరిటె:
కార్తీక పున్నమి మర్నాడు ఛాడఖాయి, మా ఒడిశాలో కార్తీకమంతా మానిన మాంసం మళ్ళీ తినే రోజు. నెలంతా నీచు ముట్టని వాళ్ళు ఎనిమిది మంది ఒకేసారి భోజనానికి కూర్చుంటారు. కోడికూర ఎలాగూ ఉంటుంది, దాని పక్కన చిల్లీ చికెన్ పెట్టాలి. వంటకి పట్టే సమయం గంట దాటకూడదు. ఇంట్లో ఉన్నవి: చిల్లీ చికెన్ మసాలా ప్యాకెట్లు రెండు, షెజ్వాన్ చట్నీ సీసా, సోయా సాస్, రెడ్ చిల్లీ సాస్, టమాటా కెచప్, తెల్ల వెనిగర్, కార్న్‌ఫ్లోర్. చికెన్ కిలో, బోన్‌లెస్. గ్యాస్ పొయ్యి ఒకటే ఖాళీగా ఉంటుంది, ఇంకోటి ఇండక్షన్.

తెలియాల్సినవి ఇవి. పిండి ముక్కని వదిలేసి నూనెలో తేలకుండా ఏం చెయ్యాలి? ప్యాకెట్ వేశాక మళ్ళీ సాస్‌లు వెయ్యొచ్చా? ముందే వేయించి ఉంచుకోవచ్చా? విశాఖ నుంచి ఫ్రోజెన్ పాప్‌కార్న్ చికెన్ తెప్పిస్తే పని తగ్గుతుందా?

పర్లాకిమిడి_పోపు:
ముందు కోడి సంగతి. ఆ పొద్దున దుకాణం దగ్గర తోపులాటలో బోన్‌లెస్ తియ్యమంటే ఎవరూ వినరు, రెండు రోజుల ముందే చెప్పి ఉంచండి. చర్మం తీసిన కోడి కిలోన్నర ఉంటే ఎముక తీశాక కిలోకి కాస్త తక్కువే వస్తుంది. రొమ్ము ఒక్కటే కాకుండా తొడ కూడా కలిపి ఇమ్మనండి. రొమ్ము ముక్క ఒక నిమిషం ఎక్కువ వేగినా పీచులా అయిపోతుంది, తొడ ముక్క ఓర్చుకుంటుంది. అన్నీ అంగుళం ముక్కలు, ఒకే సైజు.

పిండి ఊడిపోవడానికి నూటికి తొంభై సార్లు కారణం నీళ్ళే. కడిగిన చికెన్‌ని చిల్లుల గిన్నెలో పావుగంట వదిలెయ్యండి, తర్వాత పొడి గుడ్డతో అద్దండి. కిలోకి అల్లం వెల్లుల్లి ముద్ద 2 టీ స్పూన్లు, మిరియాల పొడి 1 టీ స్పూను, సోయా సాస్ 2 టీ స్పూన్లు, ఉప్పు 1 టీ స్పూను పట్టించి 20 నిమిషాలు ఉంచండి. ఉప్పు, సోయా కలిసి ముక్కలోంచి నీరు లాగుతాయి. గిన్నె వంచితే అడుగున సన్నగా ఊరిన నీరు కనిపిస్తుంది, దాన్ని పారబొయ్యాలి. చాలామంది దాంట్లోనే పిండి కలిపేస్తారు, అక్కడే వ్యవహారం చెడుతుంది.

నూనె పొయ్యి మీద పెట్టాకే పిండి కలపండి: గుడ్డు 1, కార్న్‌ఫ్లోర్ 6 టేబుల్ స్పూన్లు, మైదా 3. కార్న్‌ఫ్లోర్ కరకరలాడేలా చేస్తుంది, మైదా ముక్కకి అతుక్కునేలా చేస్తుంది. నీళ్ళు ఒక్క చుక్క కూడా వద్దు. కలిపాక పిండి ముక్కకే పట్టి ఉండాలి, గిన్నె అడుగున జారుతూ మిగిలితే ఇంకో స్పూను కార్న్‌ఫ్లోర్ చల్లండి.

నూనె సుమారు 175 డిగ్రీలు. థర్మామీటర్ లేకపోతే చిటికెడు పిండి వేసి చూడండి: అడుగుకి వెళ్ళి వెంటనే పైకి లేస్తే సరిపోయింది, అడుగునే ఉండిపోతే చల్లగా ఉంది, వేసీ వెయ్యగానే రంగు మారితే మరీ కాగింది. పావుకిలో చొప్పున నాలుగు వాయిలు. వేశాక 40 సెకన్ల వరకూ గరిటె పెట్టొద్దు, పిండి గట్టిపడకముందే కెలికితే ఊడి వచ్చేస్తుంది. వాయికి 4 నిమిషాలు, లేత బంగారు రంగు రాగానే తీసెయ్యండి. పేపర్ మీద కుప్పగా కాకుండా జాలీ మీద విడివిడిగా పరిస్తే కింది ముక్కలు ఆవిరికి మెత్తబడవు.

అవును, ముందే వేయించుకోవచ్చు. పొద్దున కాదు, వడ్డించడానికి గంట ముందు. తర్వాత మంట పెంచి, బాగా కాగిన నూనెలో ఒక్క నిమిషం మళ్ళీ వేయించి, నేరుగా సాస్‌లోకి. బండి వాళ్ళు చేసేది ఇదే, సగం వేగిన ముక్కలు ట్రేలో ఉంచుకుని ఆర్డర్ రాగానే రెండోసారి నూనెలో వేస్తారు.

ఇంకొకటి. మన వైపు వంటింట్లో ఆవనూనె ఉంటుంది కదా అని దాంట్లో వేయించకండి, ఆ ఘాటు సోయా వాసనని కప్పేస్తుంది. సన్‌ఫ్లవర్ గానీ రైస్ బ్రాన్ గానీ వాడండి.

జయపురం_సంత:
వేయించడం గురించి పోపు గారు చెప్పినదాంట్లో మార్చాల్సింది లేదు. ప్యాకెట్ గురించి నేను చెప్తాను.

ప్యాకెట్ వెనక పదార్థాల పట్టీ చదవండి. ఉప్పు, స్టార్చ్, చక్కెర, సోయా పొడి, పైన 621 (అజినమోటో) లేదా అలాగే రుచి పెంచే 627, 631 అంకెలు. అంటే ఉప్పూ సోయా చిక్కదనం రుచి పెంచే పొడి నాలుగూ అందులోనే ఉన్నాయి. దాని మీద మళ్ళీ సీసాలోంచి సోయా వంచి, ఉప్పు వేసి, కార్న్‌ఫ్లోర్ నీళ్ళు పోస్తే ఉప్పుకషాయంలో జిగురు కలిపినట్టే. అజినమోటో వేసిన ప్యాకెట్ మీద ఏడాది లోపు పిల్లలకి తగదని రాసి ఉంటుంది, ఇంట్లో చంటివాళ్ళుంటే వాళ్ళకి సాస్ తగలని ముక్క పక్కన పెట్టండి.

బండి రుచికీ ప్యాకెట్ రుచికీ తేడా ఎక్కడంటే, ప్యాకెట్‌లో వెల్లుల్లి ఎండు పొడి. పచ్చి వెల్లుల్లి వేడి నూనెలో వేగే వాసన అందులో ఉండదు. అందుకని రెండు ప్యాకెట్లు కాదు, కిలోకి ఒకటే వాడి మిగతా రుచి తాజా సరుకుతో నింపండి. ప్యాకెట్ మీద రాసిన కొలత గ్రేవీ కోసం. డ్రై కావాలని పొడి అంతే వేసి నీళ్ళు మాత్రం తగ్గిస్తే ఉప్పు నోట్లో పెట్టనివ్వదు. తగ్గిస్తే పొడీ నీళ్ళూ రెండూ తగ్గించాలి. పొడిని చల్లటి నీళ్ళలోనే కలపండి, వేడి నీళ్ళలో వేస్తే పైన ఉడికి లోపల పొడిగా ఉండే ఉండలు కడతాయి, అవి ఎంత చిదిపినా పోవు.

నా ఓటు మాత్రం ప్యాకెట్ పక్కన పెట్టి సీసాలతో చెయ్యడానికే. సమయం అంతే పడుతుంది. అర కిలో చికెన్‌కి లెక్క ఇది, కిలోకి రెండుసార్లు చెయ్యండి, ఒకేసారి చేస్తే కడాయి చల్లబడి కూర అవుతుంది.

ముందుగా ఒక గిన్నెలో సోయా సాస్ 1½ టేబుల్ స్పూను, రెడ్ చిల్లీ సాస్ 2, కెచప్ 1, చక్కెర ½ టీ స్పూను, నీళ్ళు 100 మిల్లీలీటర్లు కలిపి ఉంచండి. ఇంకో చిన్న గిన్నెలో కార్న్‌ఫ్లోర్ 2 టీ స్పూన్లు, చల్లటి నీళ్ళు 2 టేబుల్ స్పూన్లు. మంట మీద పని మూడు నిమిషాలే, అప్పుడు మూతలు తిప్పుతూ కూర్చుంటే వెల్లుల్లి మాడిపోతుంది.

కడాయిలో నూనె 2 టేబుల్ స్పూన్లు, పెద్ద మంట. తరిగిన వెల్లుల్లి 8 నుంచి 10 రెబ్బలు, అంగుళం అల్లం, చీల్చిన పచ్చిమిర్చి 4. అంచులు రంగు తిరగగానే ఉల్లిపాయ 1, క్యాప్సికం 1, రెండూ అంగుళం చదరపు ముక్కలుగా, ఉల్లి రేకులు విడదీసి. ఒక్క నిమిషం. క్యాప్సికం పచ్చగా, కొరికితే చప్పుడయ్యేలా ఉండగానే సాస్ గిన్నె వంచండి. ఉడుకు పట్టాక కార్న్‌ఫ్లోర్ నీళ్ళు అడుగునుంచి మళ్ళీ కలిపి పొయ్యండి, పిండి కిందకి దిగిపోయి ఉంటుంది. అర నిమిషంలో తెల్లమబ్బు పోయి మెరుపు వస్తుంది, ఆ మెరుపు వచ్చేదాకా పచ్చిపిండి వాసన పోదు. గరిటె వెనక పూతలా నిలిస్తే చాలు, ఇంకా పల్చగా ఉందనిపించినా ఆపెయ్యండి. ముక్కల పూత సాస్ పీల్చుకుంటుంది, చల్లారుతుంటే ఇంకా చిక్కబడుతుంది. చికెన్ వేసి అరనిమిషం ఎగరేసి, పొయ్యి కట్టాక వెనిగర్ 1 టీ స్పూను. వెనిగర్ ముందే వేసి మరిగిస్తే పులుపు వాసన ఎగిరిపోతుంది, పైగా పులుపుకి కార్న్‌ఫ్లోర్ చిక్కదనం విరిగి సాస్ నీరుగారుతుంది.

షెజ్వాన్ చట్నీ వేసేట్టయితే 1 టేబుల్ స్పూను, రెడ్ చిల్లీ సాస్‌కి బదులుగా. అందులో మిరప, వెల్లుల్లి ముందే వేగి ఉంటాయి, పెద్ద మంట మీద వేస్తే మాడి చేదెక్కుతాయి. ఉల్లిపాయ తర్వాత, మంట తగ్గించి వెయ్యండి. గరం మసాలా, ధనియాల పొడి జోలికి పోకండి. ఈ వంట కలకత్తాలో స్థిరపడ్డ హక్కా చైనావాళ్ళ చేతి మీదుగా వచ్చింది. సోయా, వెనిగర్, పచ్చిమిర్చి మూడే దాని ప్రాణం.

రాయగడ_రైలుగేటు:
సరుకుల దగ్గర ఒక జాగ్రత్త. మన ఊళ్ళలో కార్న్‌ఫ్లోర్ అడిగితే ఒక్కోసారి పసుపుపచ్చ మొక్కజొన్న పిండి, రొట్టెలకి వాడేది, కట్టి ఇస్తారు. దానితో పూత బరకగా వచ్చి నూనె పీలుస్తుంది, సాస్ జావలా అవుతుంది. కావాల్సింది తెల్లగా, వేళ్ళ మధ్య నలిపితే కిర్రుమనే స్టార్చ్. సోయా సాస్ కూడా డార్క్ అని ఉంటే పైన చెప్పినదాంట్లో మూడో వంతు తగ్గించండి, లేకపోతే నలుపెక్కి చేదు తగులుతుంది.

గుణుపురం_గరిటె:
చాలా స్పష్టంగా ఉంది, అందరికీ ధన్యవాదాలు. ఫ్రోజెన్ సంగతి మిగిలింది. ఇండక్షన్ మీద వేయించాలా, సాస్ చెయ్యాలా? చివర్లో పైన చల్లడానికి ఉల్లికాడలు దొరక్కపోతే?

జయపురం_సంత:
గరిటె గారూ, గ్యాస్ మీద సాస్, ఇండక్షన్ మీద వేయింపు. ఎగరేసేటప్పుడు కడాయి పైకి లేపితే ఇండక్షన్ వేడి ఆగిపోతుంది కాబట్టి సాస్‌కి అది పనికిరాదు. వేయింపుకి అడుగు బల్లపరుపుగా ఉన్న పాత్ర, నూనె రెండంగుళాల లోతు, వాయికి 200 గ్రాములు మించొద్దు. సాయంత్రం వోల్టేజి పడిపోతుంటే 150 చాలు, ప్రతి వాయికీ మధ్య నూనె మళ్ళీ కాగేదాకా ఆగండి.

ఉల్లికాడలు లేకపోతే మానెయ్యండి, కొత్తిమీర వెయ్యకండి.

పర్లాకిమిడి_పోపు:
ఫ్రోజెన్ పాప్‌కార్న్ చికెన్ పిల్లలకి సరే, దీనికి మాత్రం నేను సిఫార్సు చెయ్యను. బ్రెడ్ పొడి పూత సాస్ తగలగానే స్పంజిలా పీల్చుకుని నానిపోతుంది. తప్పదంటే: కరగనివ్వకుండా ఫ్రీజర్ లోంచి నేరుగా 175 డిగ్రీల నూనెలోకి, 3 నుంచి 4 నిమిషాలు. ఒక పెద్ద ముక్క విరిచి చూడండి, లోపల చల్లగా గులాబీ రంగు మిగలకూడదు. సాస్‌లో 100 మిల్లీలీటర్ల నీళ్ళకి బదులు 40 చాలు, కార్న్‌ఫ్లోర్ నీళ్ళు అక్కర్లేదు. సోయా సగం చెయ్యండి, ముక్కలోనే ఉప్పుంది. ముక్కలు వేసి ఒక్కసారి తిప్పి నేరుగా పళ్ళెంలోకి.

విశాఖ నుంచి రైల్లో వచ్చేసరికి మామూలు సంచీలో కరగడం ఖాయం. థర్మాకోల్ పెట్టెలో ఐస్ ప్యాక్‌లతో వస్తేనే తెప్పించండి. ప్యాకెట్ పైనుంచి నొక్కితే మెత్తగా, ముక్కలు ఒకదానికొకటి అంటుకుని ఉంటే మళ్ళీ ఫ్రీజర్‌లో పెట్టకండి. చల్లదనం ఇంకా పోకుండా ఉంటే ఆ పూటే వండెయ్యాలి, గోరువెచ్చగా తగిలితే పారెయ్యాలి.