సర్వసైన్యాధ్యక్షుడు: ఇందులో ‘అధ్యక్షుడు’ అంటే ఏటి?

పర్లాకిమిడి టీచరమ్మ:

గ్రూపులో అందరికీ నమస్కారం. ఒక మాట గురించి అడగాలని నాలుగు రోజుల్నుంచీ అనుకుంటున్నా. మా మనవడు ఇక్కడే ఒరియా మీడియంలో ఏడో తరగతి చదువుతున్నాడు, ఇంట్లో తెలుగు, బడిలో ఒరియా, మన సరిహద్దు ఊళ్ళలో పిల్లలందరి సంగతీ అంతే కదా. మొన్న రాత్రి తెలుగు వార్తలు పెట్టుకుని నేను గుమ్మడికాయ ముక్కలు కోసుకుంటున్నా, వాడు పక్కన లెక్కలు చేసుకుంటున్నాడు. టీవీలో “అమెరికా అధ్యక్షుడే అక్కడ సర్వసైన్యాధ్యక్షుడు, దాడి చెయ్యాలా వద్దా అనేది ఆయన చేతిలోనే ఉంది” అన్నారు. వాడు పెన్సిలు ఆపి “అమ్మమ్మా, ప్రిన్సిపాలు సార్‌కి సైన్యం ఎందుకూ?” అన్నాడు.

నాకు ఒక్క నిమిషం అర్థం కాలేదు, తర్వాత వెలిగింది. ఒరియాలో అధ్యక్ష అంటే కాలేజీ ప్రిన్సిపాలు, వాళ్ళు అధ్యఖ్య అని పలుకుతారు. అమెరికా ఆయన్ని వాళ్ళు రాష్ట్రపతి అనే అంటారు, అసెంబ్లీ స్పీకరుకేమో వాచస్పతి అని వేరే మాట ఉంది. అంచేత మా గుంటడికి తెలిసిన అధ్యఖ్య ఒక్కడే, కాలేజీ గేటు దగ్గర చేతులు వెనక్కి కట్టుకుని నిలబడి లేటుగా వచ్చినోళ్ళని చూసే పెద్దాయన.

కాదురా అని చెప్పబోయి ఆగిపోయాను. ఎందుకంటే మాట పుట్టుక చూస్తే వాడు చెప్పిందే దగ్గర. అక్షం అంటే కన్ను, ఇంద్రియం. కంటి ఎదురుగా ఉంటే ప్రత్యక్షం, కంటికి అవతలుంటే పరోక్షం, పైనుంచి కన్నేసి ఉంచేవాడు అధ్యక్షుడు. గీత తొమ్మిదో అధ్యాయంలో “మయాధ్యక్షేణ ప్రకృతిః” అన్నది కూడా ఈ అర్థంలోనే, నేను చూస్తూ ఉండగా ప్రకృతి తన పని చేసుకుపోతుంది అని. ఇంక కౌటిల్యుడి అర్థశాస్త్రంలో అయితే అధ్యక్షుడంటే అచ్చంగా ఒక ఉద్యోగం, గుర్రాలకి అశ్వాధ్యక్షుడు, ఏనుగులకి హస్త్యధ్యక్షుడు, రథాలకి, కాల్బలానికి వేరువేరుగా. అశ్వాధ్యక్షుడు ఏం చెయ్యాలో కూడా ఉంది, ప్రతి గుర్రం జాతి, వయసు, రంగు, ఒంటి మీద గుర్తులు, ఎక్కణ్ణుంచి వచ్చిందో రాసి పెట్టాలి, కుంటిదో జబ్బుదో ఉంటే పైకి నివేదించాలి. గుర్రాలు ఆయనవి కావు. లెక్క ఆయనది, జవాబు చెప్పాల్సిన బాధ్యత ఆయనది.

మరి ఇలాంటి మాట పక్కన ‘సర్వసైన్య’ చేరేసరికి మనకి అది చక్రవర్తి బిరుదులాగ ఎందుకు వినిపిస్తుంది? చట్టంలో ఆ పదవికి ఎంత హద్దు ఉందో తెలిసినవాళ్ళు చెప్పండి, వాడికి సరిగ్గా చెప్పాలి.

బరంపురం వకీలు:

అమ్మా, మీ మనవడికి నా ఆశీస్సులు. మన దేశం సంగతి ముందు చెప్తాను. రాజ్యాంగంలో 53వ అధికరణ రెండో భాగం, రక్షణ బలాల సర్వోన్నత ఆధిపత్యం రాష్ట్రపతికి ఉంటుంది, దాన్ని వాడే తీరు చట్టం ప్రకారం నియంత్రించబడుతుంది అని ఒకే వాక్యంలో ఉంది. జీకే పుస్తకాల్లో మొదటి సగమే దిగుతుంది, ‘త్రివిధ దళాధిపతి ఎవరు, రాష్ట్రపతి’ అని ఒక మార్కు. రెండో సగం నేను లా చదివినప్పుడు గానీ చూడలేదు. హిందీ ప్రతిలో ఆ మాట ‘సర్వోచ్చ సమాదేశ్’, అంటే ఆదేశించే స్థానం అన్నారు గానీ పతి అనలేదు, అధిపతి అనలేదు. ఆ అధిపతి మనం తగిలించుకున్నదే. పతి అంటే సొంతదారు వాసన వస్తుంది, అక్కడే చెడింది.

పైగా 74వ అధికరణ ప్రకారం రాష్ట్రపతి మంత్రిమండలి సలహా మీదే నడుచుకోవాలి, అంచేత అసలు నిర్ణయం ప్రధాని, క్యాబినెట్‌ది. మరి పార్లమెంటు ఓటు వేస్తేనే యుద్ధానికి దిగాలి అని మన రాజ్యాంగంలో ఎక్కడా లేదు, ఇది చాలామందికి తెలీదు. ‘యుద్ధం, శాంతి’ కేంద్ర జాబితాలో 15వ అంశం, అంతే. పార్లమెంటు చేతిలో ఉన్నది ఖజానా తాళం, సభలో ప్రశ్న, ఇంకా ప్రభుత్వాన్ని దింపే ఓటు. 352 కింద ఎమర్జెన్సీ పెడితే మాత్రం క్యాబినెట్ నిర్ణయం రాతపూర్వకంగా రావాలి, నెలలోపు రెండు సభలూ ఒప్పుకోవాలి. అక్కడ కూడా ఒక మాట మార్చారు చూడండి, 1978లో 44వ సవరణతో ‘అంతర్గత కల్లోలం’ తీసేసి ‘సాయుధ తిరుగుబాటు’ పెట్టారు, ఎందుకంటే మొదటి మాట సంచి లాంటిది, ఏదైనా పట్టేస్తుంది, 1975లో పట్టింది కూడా.

పర్లాకిమిడి టీచరమ్మ:

వకీలు గారూ చాలా సంతోషం. ఈ మాట మార్చడం సంగతి చెప్పారు కదా, అమెరికా వాళ్ళ కథ కూడా ఒక్క క్రియాపదం దగ్గరే మొదలవుతుంది, నేను చదివి అప్పట్నుంచీ మర్చిపోలేకపోతున్నా. 1787లో రాజ్యాంగం రాస్తున్నప్పుడు చిత్తుప్రతిలో యుద్ధం ‘చేసే’ అధికారం కాంగ్రెస్‌ది, అంటే వాళ్ళ పార్లమెంటుది, అని ఉంది. ఆగస్టు 17న మాడిసన్, గెర్రీ అనే ఇద్దరు లేచి ‘చేసే’ తీసేసి ‘ప్రకటించే’ అని పెడదాం అన్నారు. కారణం కూడా చెప్పారు, ఉన్నట్టుండి ఎవరైనా మీద పడితే తిప్పికొట్టే పని అధ్యక్షుడికి వదలాలి కదా అని. ఇంటి మీదకి దొంగ వస్తే పంచాయతీ కూర్చుని తీర్మానం చేసేదాకా ఆగలేం. కానీ అవతలి ఊరి మీదకి మనం పోవాలంటే మాత్రం పదిమందిలో అడిగి పోవాలి. ఆ తేడా అంతా ఆ ఒక్క క్రియలో పెట్టారు. మరుసటి ఏడు ఆ రాజ్యాంగ సభలోనే ఉన్న హామిల్టన్ వ్యాసం రాసి వివరంగా చెప్పాడు, ఇంగ్లండు రాజైతే యుద్ధం ప్రకటిస్తాడు, సైన్యాన్ని కూడగడతాడు, మా అధ్యక్షుడు సైన్యానికి మొదటి జనరల్, నావికా దళానికి మొదటి అడ్మిరల్, అంతవరకే అని. సైన్యానికి డబ్బు కూడా ఒక్కసారికి రెండేళ్ళకి మించి మంజూరు చెయ్యకూడదని అదే రాజ్యాంగంలో ఉంది.

ఇంకో సంగతి, మన ‘సర్వ’ వాళ్ళ మూలంలో లేదు. కమాండర్ ఇన్ చీఫ్ అని రాసి వెంటనే దేనికో కూడా రాశారు, సైన్యానికి, నావికా దళానికి, రాష్ట్రాల మిలీషియాకి, అంటే పౌరులతో కట్టిన స్థానిక దళాలకి, అదీ పిలుపు వచ్చి కేంద్రం కొలువులో ఉన్నప్పుడు మాత్రమే. 1952లో కొరియా యుద్ధం జరుగుతుండగా ఉక్కు కార్మికులు సమ్మెకి సిద్ధమైతే అప్పటి అధ్యక్షుడు ట్రూమన్ ఆ మిల్లులు స్వాధీనం చేసుకోమన్నాడు, యుద్ధానికి ఉక్కు కావాలి కదా నేను కమాండర్‌ని కదా అన్న ధోరణిలో. సుప్రీంకోర్టు 6-3తో కొట్టేసింది. జాక్సన్ అనే జడ్జి రాసినదాని సారం ఏటంటే, ఆయన సైన్యానికీ నావికా దళానికీ కమాండరే గానీ దేశానికీ, అందులోని పరిశ్రమలకీ, జనానికీ కాదు అని. మా మనవడికి ఇది చెప్పినప్పుడు, “ప్రిన్సిపాలు సార్ కాలేజీలోనే ప్రిన్సిపాలు, బజార్లో కాదు” అన్నాడు. అంతేరా అన్నాను.

రాయగడ రైల్వే మావయ్య:

టీచరమ్మా, కొరియా అన్నారు కాబట్టి ఒకటి గుర్తొచ్చింది. ‘పోలీసు చర్య’ అనే మాట. 1948 సెప్టెంబరు 13 నుంచి 17 దాకా హైదరాబాద్‌లో జరిగినదాన్ని మనం ఇప్పటికీ పోలీసు చర్య అంటాం, వెళ్ళింది సైన్యం, ట్యాంకులతో వెళ్ళింది. నిజాం అప్పటికే ఐక్యరాజ్యసమితికి ఫిర్యాదు పెట్టాడు, యుద్ధం అంటే రెండు దేశాల మధ్య సంగతి అయిపోతుంది, మా ఇంటి విషయం అని చెప్పాలంటే పోలీసు అనాలి. రెండేళ్ళ తర్వాత 1950 జూన్ 29న ట్రూమన్‌ని ఒక విలేఖరి, కొరియాలో జరుగుతున్నది సమితి తరఫున పోలీసు చర్య అనొచ్చా అని అడిగితే అవును అదే అన్నాడు. యుద్ధం అని ప్రకటిస్తే కాంగ్రెస్ దగ్గరకి పోవాలి. మూడేళ్ళు సాగింది, 36 వేలకి పైగా అమెరికా సైనికులు పోయారు. పేరు మారిస్తే చట్టం గడప దాటక్కర్లేదు, నన్నడిగితే జరిగింది ఇదే. నాకు ఈ పోలీసు చర్య అనే మాట వినగానే ఒళ్ళు మండుతుంది, హైదరాబాద్ కలవడం తప్పని కాదు, మాట అబద్ధమని.

గుణుపురం తమ్ముడు:

అక్కా, మావయ్యా, నేను పరీక్షలకి చదువుకుంటున్నా, అమెరికా 1973 యుద్ధాధికారాల తీర్మానంలో ‘హాస్టిలిటీస్’ అని ఉంటుంది, దాన్ని మా నోట్సులో ‘శత్రుత్వాలు’ అని రాశారు. శత్రుత్వం అంటే మనసులో ఉండేది కదా, దానికి గడువు ఎలా పెడతారు? మంచి తెలుగు మాట చెప్పండి.

పర్లాకిమిడి టీచరమ్మ:

తమ్ముడూ, మంచి ప్రశ్న అడిగావు. మావయ్యగారు చెప్పిన మోసం మళ్ళీ జరక్కూడదనే ఆ చట్టంలో ‘యుద్ధం’ అనే మాట మీద ఆధారపడలేదు. 1942 జూన్ తర్వాత అమెరికా ఒక్క యుద్ధం కూడా ప్రకటించలేదు, వియత్నాం సహా. అంచేత పేరు ఏదైనా సరే, బలగాలు హాస్టిలిటీస్‌లోకి దిగితే 48 గంటల్లో కాంగ్రెస్‌కి రాసి చెప్పాలి, అనుమతి రాకపోతే 60 రోజుల్లో ఆపాలి, వెనక్కి రావడానికి ఇంకో 30 రోజులు అని పెట్టారు. అప్పటి అధ్యక్షుడు నిక్సన్ వీటో చేస్తే రెండు సభలూ మూడింట రెండొంతుల ఓట్లతో దాన్ని తోసేసి నవంబరు 7న చట్టం చేసుకున్నాయి. 48 గంటల్లో నివేదించాలి అన్నది చదివినప్పుడల్లా నాకు ఆ అశ్వాధ్యక్షుడే కనిపిస్తాడు.

మళ్ళీ ఆ మాట దగ్గరే పేచీ వచ్చింది. 2011లో లిబియా మీద బాంబులు వేశారు, మే 20కి 60 రోజులు నిండాయి, అనుమతి లేదు, ఆపలేదు. ఒబామా ప్రభుత్వం ఏం వాదించిందంటే మా సైనికులు నేల మీద లేరు, అటునుంచి ఎదురు కాల్పులు పెద్దగా లేవు, కాబట్టి ఇది చట్టం చెప్పే హాస్టిలిటీస్ కాదు అని. మన తెలుగులో ఈ వాదన ఒక్క ప్రత్యయంలో దొరుకుతుంది చూడు. ‘కొట్టడం’ వేరు, ‘కొట్లాట’ వేరు. కొట్లాటకి ఇద్దరుండాలి, కొట్టడానికి ఒకడు చాలు. వాళ్ళు చెప్పింది, మేం కొడుతున్నాం గానీ కొట్లాట లేదు అని. దెబ్బ తిన్నవాడికి ఆ తేడా ఏటి? అంచేత నువ్వు కొట్లాట, పోరాటం, కాల్పుల మార్పిడి లాంటివి రాయొద్దు, అవన్నీ ఇద్దరి మాటలు, ఆ సందులోంచే జారిపోయారు.

‘కయ్యం’ బాగుంటుందని నాకు అనిపిస్తుంది. చిన్నదీ కయ్యమే పెద్దదీ కయ్యమే, ప్రకటించక్కర్లేదు. ఆ చట్టంలోనే ఇంకో ముక్క కూడా ఉంది, కయ్యంలోకి దిగడమే కాదు, పరిస్థితులు చూస్తే దిగబోతున్నట్టు స్పష్టంగా కనిపిస్తున్నా సరే 48 గంటల లెక్క మొదలవుతుంది. దానికి మనకి కొత్త మాట కట్టక్కర్లేదు, కయ్యానికి కాలు దువ్వడం అంటాం, ఎద్దు కాలితో మట్టి ఎగదోస్తోందంటే పొడవకముందే పిల్లల్ని పక్కకి లాగుతాం. పరీక్షలో ‘సాయుధ కయ్యం’ అని రాస్తే మార్కులు పడతాయో లేదో వకీలు గారు చెప్పాలి.

బరంపురం వకీలు:

‘సాయుధ ఘర్షణ’ రాయి బాబూ, మార్కులు పడతాయి. కానీ నోట్సు మార్జిన్‌లో అమ్మగారి మాట రాసుకో. ఘర్షణకి కూడా ఇద్దరుండాలి, నాకూ ఇప్పుడే తట్టింది.