మూడుసార్లు తల వంచిన బెయిన్‌బ్రిడ్జ్‌కి ఇంత పేరెందుకు?

ఫెర్రీబాతాఖానీ: సియాటిల్ పక్కన బెయిన్‌బ్రిడ్జ్ ద్వీపం ఉంది కదా, ఆ పేరు విలియం బెయిన్‌బ్రిడ్జ్‌ది. అమెరికా నౌకాదళంలో తొలితరం అధికారి. 1798లో రిటాలియేషన్ నౌకను ఫ్రెంచివాళ్లకు అప్పగించాడు. 1800లో ఉత్తర ఆఫ్రికాలోని అల్జీర్స్‌కి కప్పం మోసుకెళ్తే, అక్కడి పాలకుడు అదే నౌకలో తన రాయబారిని, సింహాలను, గొర్రెలను ఎక్కించి ఇస్తాంబుల్ పంపాడు, పైగా అల్జీర్స్ జెండాతో. 1803లో అమెరికాతో యుద్ధంలో ఉన్న ట్రిపోలి (నేటి లిబియా) దగ్గర తన ఫిలడెల్ఫియా నౌక రాతిదిబ్బ ఎక్కితే 307 మందితో లొంగిపోయాడు. అయినా యుద్ధనౌకలకు కూడా ఆయన పేరే పెడుతున్నారు. ఇది న్యాయమేనా?

కోనసీమోడు: రిటాలియేషన్ పోయిన రోజే ఫ్రెంచి కెప్టెన్‌కి బొంకి, పక్కనున్న రెండు అమెరికన్ నౌకలను తప్పించాడు. అది కూడా రాయండి.

సూటిమాట: మొదటి రెండూ వదిలేద్దాం. ఫిలడెల్ఫియా సంగతి చెప్పండి. లొంగిపోయిన రెండు రోజులకే నీళ్లు పెరిగి ఓడ తేలింది. రెండు రోజులు ఆగలేడా?

చుక్కాని_రావు: నా ఉద్యోగమంతా ఓడల మీదే గడిచింది కాబట్టి చెబుతున్నాను. ఆ దిబ్బ ఆయన దగ్గరున్న మ్యాపులో లేదు. ఓడ ఒక పక్కకి ఒరిగిపోయింది, ఫిరంగులు శత్రువు వైపు తిరగవు. బరువు తగ్గించడానికి వాటిని సముద్రంలో తోయించాడు, ముందు తెరచాప స్తంభం నరికించాడు. నాలుగు గంటలు ప్రయత్నించి, చివరికి ఓడ అడుగున రంధ్రాలు కొట్టించాకే జెండా దించాడు. ఎల్లుండి తేలుతుందని ఆయనకి ఎవరు చెప్పారు?

సూటిమాట: ఆ రంధ్రాలేవో సరిగ్గా కొట్టిస్తే మునిగేది కదండీ. ట్రిపోలీవాళ్లు వాటిని పూడ్చి, సముద్రంలో తోసిన ఫిరంగులు కూడా పైకి తీసి, ఓడను రేవులో కట్టుకున్నారు. 1804 ఫిబ్రవరి 16 రాత్రి అమెరికా నౌకాదళ అధికారి డెకేటర్ ప్రాణాలకు తెగించి వెళ్లి తగలబెట్టాల్సి వచ్చింది.

చుక్కాని_రావు: తగలబెట్టమని జైలు నుంచి సలహా పంపింది ఎవరు? బెయిన్‌బ్రిడ్జే. నిమ్మరసంతో రాస్తే కాగితం ఖాళీగా కనిపిస్తుంది, వేడి చూపిస్తే అక్షరాలు గోధుమ రంగులో బయటపడతాయి. అలాంటి ఉత్తరాలు డెన్మార్క్ కాన్సుల్ నిస్సెన్ ద్వారా బయటికి పంపాడు.

బెజవాడ_బుల్లోడు: నిమ్మరసం ఉత్తరాలు! ఈ ఒక్కదానికే నా ఓటు.

సూటిమాట: మా ఆఫీసులో ఒక డైరెక్టరు ఉండేవాడు. ముంచిన ప్రాజెక్టులన్నీ ఆయనవే. రాత్రిళ్లు కూర్చుని సర్దింది మేము, లేఆఫ్ అయిందీ మేమే. ఆయనకి మాత్రం ప్రమోషన్. బెయిన్‌బ్రిడ్జ్ కథ చదువుతుంటే ఆ మొహమే కనిపిస్తోంది.

చుక్కాని_రావు: మీ ఆఫీసు గొడవ 1803లోకి లాగకండి బాబూ. మాకు తెలిసిన ఒక కెప్టెన్ చార్టులో తప్పుంటే ఓడ ఇసుకలో ఆనించి ఉద్యోగం పోగొట్టుకున్నాడు. ఏసీ గదిలో కూర్చుని తీర్పులు చెప్పడం ఎంతసేపు?

సూటిమాట: ఓడ మీద మీరు ఏం చేసేవారు రావుగారూ?

చుక్కాని_రావు: చీఫ్ ఆఫీసర్. అయితే?

సూటిమాట: అదీ సంగతి! మీకు కనిపించేది ఆఫీసర్ల గది ఒక్కటే. ట్రిపోలిలో ఆఫీసర్లను పాత అమెరికన్ కాన్సుల్ ఇంట్లో ఉంచారు. పుస్తకాలు తెప్పించుకుని చదువుకున్నారు. నావికులు మాత్రం కోట గోడలకి రాళ్లు మోశారు, అదీ 19 నెలలు. 60,000 డాలర్లు కట్టాక విడిచిపెట్టారు. తర్వాత విచారణలో కూర్చున్నది తోటి అధికారులే, తప్పేం లేదన్నదీ వాళ్లే.

చుక్కాని_రావు: చావండని ఆర్డరు వేయలేదు కాబట్టే ఆ నావికులు రాళ్లు మోయడానికైనా మిగిలారు.

సూటిమాట: లొంగడం తప్పని ఎవరన్నారు?

చుక్కాని_రావు: పొద్దున్నుంచి మీరే!

సూటిమాట: తోడున్న విక్సెన్ నౌకను వేరేచోటికి పంపేసి, ఒంటరిగా శత్రువు ఓడను ఒడ్డుదాకా తరుముకుంటూ వెళ్లాడు. విక్సెన్ ఉంటే తాడేసి లాగేదేమో. ఆ తప్పుకి మూల్యం ఎవరు చెల్లించారన్నదే నా ప్రశ్న.

చుక్కాని_రావు: 1812 డిసెంబరు 29న ఆయనే చెల్లించాడు. బ్రెజిల్ తీరాన ఆయన నడిపిన కాన్‌స్టిట్యూషన్ నౌక చుక్కాని చక్రం ఎగిరిపోయింది, ఒంటి మీద రెండు గాయాలు. అయినా బ్రిటిష్ యుద్ధనౌక జావాను ఓడించాడు.

కోనసీమోడు: జావా బొంబాయి వస్తున్న ఓడే. అందులో పట్టుబడ్డ జనరల్ హిస్లాప్ తర్వాత మద్రాసు సైన్యాధిపతి అయ్యాడు.

సూటిమాట: ఆ రోజు కాన్‌స్టిట్యూషన్ మీద చచ్చిపోయిన నావికులకి బెయిన్‌బ్రిడ్జ్‌కి వచ్చినట్టు బంగారు పతకం రాలేదు లెండి. ఫిలడెల్ఫియా మీదున్న విలియం రే అనే మెరీన్ (ఓడ మీది సైనికుడు) 1808లో తన చెర అనుభవాలు అచ్చువేసి ఆఫీసర్లను కడిగేశాడు. అదెవరూ ఎత్తరు.

చుక్కాని_రావు: రేకి ఆఫీసర్లంటేనే పడదు.

సూటిమాట: పడకపోతే అబద్ధమైపోతుందా? విచారణలో కూర్చున్నవాళ్లకి బెయిన్‌బ్రిడ్జ్ తోటివాడు, వాళ్ల మాట ఎలా నిజమైంది మరి?

చుక్కాని_రావు: వాళ్లకి ఓడ నడపడం తెలుసు. రేకి తెలీదు.