అప్‌డేట్: అస్టా నీల్సెన్ ఒకే ఒక్క టాకీతో ఎందుకు ఆగిపోయారు?

డెన్మార్క్‌కు చెందిన మూకీ తార అస్టా నీల్సెన్ డెబ్బైకి పైగా చిత్రాల్లో నటించి కూడా ఒక్క టాకీతోనే ఎందుకు ఆగిపోయారని ఇంతకుముందు అడిగాను. ఓపికగా బదులిచ్చిన వారందరికీ కృతజ్ఞతలు.

మీరు చెప్పినట్లే మొదట 1910 నాటి ‘అఫ్‌గ్రున్‌డెన్’ చూశాను. అందులో ఆమె ప్రియుణ్ణి తాడుతో బంధించి, అతని చుట్టూ తిరుగుతూ చేసే నృత్యం నాటి సెన్సార్లను ఎందుకు కలవరపెట్టిందో చూస్తేనే అర్థమవుతుంది. ఆ చిత్ర దర్శకుడు ఉర్బాన్ గాడ్‌ను పెళ్లాడి, జర్మనీలో అగ్రతారగా ఎదిగి, 1921లో సొంత సంస్థ నిర్మించిన చిత్రంలో షేక్‌స్పియర్ నాటక నాయకుడు హామ్లెట్‌ను యువరాజుగా పెంచబడిన స్త్రీగా పోషించడం నా దృష్టిలో ఆమె చేసిన అత్యంత సాహసోపేతమైన పని.

ఇక అసలు ప్రశ్న. టాకీలే ఆమెను దెబ్బతీశాయన్న మాట నిలబడదు. కోపెన్‌హాగెన్ రంగస్థలంపై శిక్షణ పొందిన నటికి సంభాషణలు భారం కావు. పైగా జర్మనీలో టాకీలు రాకముందే, 1927 నాటికే, ఆమె సినిమాలు తగ్గించుకొని నాటకాల వైపు మళ్లారు. 1932లో వచ్చిన ఏకైక టాకీలో శిల్పిగా నటించారు. ఆ తర్వాత నాజీల పాలనలో సినిమాలు చేయడానికి ఇష్టపడక స్వదేశానికి తిరిగి వెళ్లి, ఆత్మకథ రాశారు, రంగుల గుడ్డముక్కలతో కొలాజ్ చిత్రాలు కూర్చారు. 1972లో, తొంభయ్యో ఏట కన్నుమూశారు.

ఇక నేను తర్వాత చూడబోయేది, 1925లో నటి గ్రేటా గార్బోతో కలిసి ఆమె నటించిన, దర్శకుడు పాబ్‌స్ట్ తీసిన చిత్రం.